వనమాల చేను చెరిపిన రోజు

మరిపెడ అంగడి బజారులో సోమేశ్వర్‌ది హోల్‌సేల్ కిరాణా దుకాణం. తండ్రి పెట్టింది. ముప్పై ఏళ్లుగా ఆ దుకాణంలో ఆయన మాటే మాట. కందిపప్పు గుప్పిట్లోకి తీసుకుని అది ఏ వైపు పంటో చెప్పేవాడు. మిర్చి సంచి మూతి విప్పకముందే ఈ ఏటిదో పోయినేటిదో వాసన పట్టి తేల్చేవాడు. ఆ నేర్పు మీద ఆయనకు గర్వం ఉండేది. తాను చేసే పనిలో ఇంకొకరు తనను దాటిపోవడం ఆయన పెద్దగా చూసి ఉండలేదు.

నేను వాళ్ల పక్కింటివాణ్ని. బడిపంతులుగా చేసి రిటైరయ్యాను. ఈ సంగతులు కొన్ని ఆయన చెప్పినవి, కొన్ని ఆయన భార్య వనమాల చెప్పినవి. ఇద్దరూ చెప్పినవి కలిపి చూస్తే ఎక్కడా తేడా రాలేదు కాబట్టి రాస్తున్నాను.

పోయినేడు ఫిబ్రవరిలో సోమేశ్వర్ గోదాములో అటక మీది నూనె డబ్బాలు దించుతూ నిచ్చెన జారి పడ్డాడు. తొడ ఎముక విరిగింది. ఖమ్మంలో ఆపరేషన్ చేసి రాడ్డు వేశారు. నాలుగు నెలలు ఇల్లు కదలొద్దన్నారు. దుకాణం తమ్ముడు ఉమేష్ చూసుకున్నాడు. ఈయన ముందుగదిలో మంచం మీద కూర్చుని గంటకోసారి దుకాణానికి ఫోన్ చేసేవాడు. నాలుగో వారం వచ్చేసరికి ఉమేష్, "అన్నా, గిరాకి ఉన్నది, మళ్ల చేస్త," అని పెట్టెయ్యడం మొదలుపెట్టాడు.

తండ్రి అవస్థ చూసి కూతురు మేఘన తన పాత ల్యాప్‌టాప్ పట్టుకొచ్చింది. ఆమె భూపాలపల్లిలో ఒక బ్యాంకులో ఉద్యోగం చేస్తుంది. కాలేజీ రోజుల్లో ఆడుకున్న వ్యవసాయం ఆట ఒకటి అందులో ఉంది. ఆట మొదలవగానే మనకొక బీడు భూమి, చిన్న ఇల్లు, గడ్డపార, గుప్పెడు విత్తనాలు ఇస్తారు. రాళ్లు ఏరి, తుప్పలు కొట్టి, విత్తి, నీళ్లు పోసి పంట తియ్యాలి. ఆటలో ఒక రోజు గడవడానికి మన లెక్కన పావుగంట పడుతుంది.

"బాపు, గీడ మూడు స్లాట్లున్నయి, ఒక్కోదాంట్ల ఒక్కో చేను," అని చూపించింది మేఘన. "మూడో దాంట్ల నా చేనున్నది, దాన్ని ముట్టకు. మొదటిది నీది. ఇంకో ముచ్చట. ఆటల పొద్దు గూకినంక ఇంట్లకు పోయి మంచం మీద పండుకోవాలె. పండుకుంటెనే ఆ దినం సేవ్ అయితది. నడుమల మూసేస్తె ఆ దినం చేసిన పనంత పోతది."

సోమేశ్వర్ తల ఊపాడు గానీ చెవిన పెట్టలేదు. మొదటి రోజు నడుం నొప్పి పుట్టేదాకా రాళ్లు ఏరాడు. వనమాల అన్నానికి పిలవగానే టప్పున మూత వేశాడు. తిన్నాక తెరిచి చూస్తే రాళ్లన్నీ ఎక్కడివక్కడే ఉన్నాయి.

"గిదేంది, ఏరిన రాళ్లు మళ్లెట్లొచ్చినయి?"

"మీరు పండుకోలే కదా," అంది వనమాల. కూతురు చెప్పేటప్పుడు ఆమె గుమ్మంలో నిలబడి అంతా విన్నది.

తిరిగి వెళ్లేముందు మేఘన ఒక పెన్‌డ్రైవ్ కూడా ఇచ్చింది. ల్యాప్‌టాప్ పాతది, ఎప్పుడు ఆగిపోతుందో తెలియదు, వారానికోసారి ఆట ఫోల్డర్లు ఇందులోకి కాపీ చేసుకొమ్మంది. ఆటకు గూడ తాళం వేసి దాచాల్నా అని నవ్వాడు తండ్రి. తల్లి మాత్రం రెండుసార్లు చేయించుకుని చూసింది. ఏది నొక్కాలో వరసగా పాత క్యాలెండర్ వెనక రాసుకుంది.

వనమాలది లింగాల ఘనపూర్. పదో తరగతి చదివింది, పంతొమ్మిదో ఏట ఈ ఇంటికి వచ్చింది. మధ్యాహ్నం భర్త కునుకు తీసినప్పుడు ఆమె రెండో స్లాట్‌లో తన చేను మొదలుపెట్టింది. సోమేశ్వర్‌కు ఆ సంగతి తెలుసు. పొద్దుపోతుంది, ఆడుకోనీ అనుకున్నాడు.

మొదటి పదిహేను రోజులు ఆయన చేనే ముందుంది. ఏది ఎక్కువ ధర పలుకుతుందో చూసి అదే నిండా వేశాడు. గుమ్మడి మంచి ధర ఉందని కాలం ఇంకా పది రోజులే ఉండగా చేనంతా గుమ్మడి పెట్టాడు. ఆటలో కాలం మారిన తెల్లారి పంట మొత్తం ఎండిపోతుంది. ఆయనదీ ఎండింది. వనమాల ప్రతి విత్తనం పొట్లం మీద ఎన్ని రోజుల పంటో చదివింది. మిగిలిన రోజులు వేళ్ల మీద లెక్కబెట్టుకుని వేసింది. కొంచెం మక్కజొన్న, కొంచెం టమాట. బావి పక్కన కోళ్ల గూడు. ఆ తర్వాత కొట్టం, రెండు ఆవులు. వాటికి గౌరి అనీ ముత్యాలు అనీ పేర్లు పెట్టింది. చేని చుట్టూ కంచె, కంచె వెంట పూలమొక్కలు.

తండా నుంచి రోజూ పాలు తెచ్చే గంగాబాయి ఒకనాడు అది చూసింది. పాలచెంబు కింద పెట్టి వచ్చి కూర్చుంది.

"గీ ఆవు ఎన్ని పాలిస్తది అమ్మా?"

"రోజుకొక చెంబు. దానికి రోజూ మెడ నిమిరితేనే ఇస్తది," అంది వనమాల.

"నిమరకుంటె ఏ ఆవిస్తది," అంది గంగాబాయి.

ఇక రోజూ పాలు పోయడం కాగానే ఆవుల్ని చూడనిదే ఆమె కదిలేది కాదు. మంచం మీది నుంచి సోమేశ్వర్, "నా చేను గూడ చూడు బాయీ," అన్నాడు ఒకసారి. చూసింది. "రాళ్లు శానున్నయి సావుకారి," అని వెళ్లిపోయింది.

ఆ మాట ఆయనకు రెండు రోజులు గుచ్చుకుంది. ఆ పైన ఆదివారం ఉమేష్ అన్నను చూడటానికి వచ్చాడు. కాలెట్లుందని అడిగి, అరగంట సేపు వదిన చేను ముందు కూర్చున్నాడు. లేస్తూ, "వదినె, నువ్వు దుకాణంల కూసున్నా మంచిగుండు," అన్నాడు. నవ్వులాటకే అన్నాడు. సోమేశ్వర్ కూడా నవ్వాడు. ఆ పూట అన్నం సగంలో వదిలేశాడు.

మధ్యాహ్నాలు ఆయన నిద్రపోవడం మానేశాడు. కళ్లు మూసుకుని పడుకునేవాడు. అవతల ల్యాప్‌టాప్‌లోంచి కోళ్ల కూతలు, నీళ్లు పోసే చప్పుడు, ఏదో మంచి జరిగితే వచ్చే చిన్న గంట వినిపించేవి. ఆ గంట మోగినప్పుడల్లా ఈమెకు ఇంకా ఏం దొరికింది అని మనసు పీకేది. సంచి మూతి విప్పకుండానే సరుకు చెప్పే మనిషిని, నాకు తెలియనిది ఈమెకేం తెలుసు అనుకునేవాడు. అడిగితే ఆమె దాచకుండా చెప్పేది. ఎరువు ముందు వేసి తర్వాత విత్తాలనీ, దూరంగా ఉన్న మళ్లకు కాలువ పెట్టుకోవాలనీ. దాచి ఉంటే బాగుండేది, కనీసం కోప్పడటానికి ఒక కారణం దొరికేది అన్నాడు నాతో.

పొద్దున ఆమె కూరగాయలకు పోయినప్పుడు ఆయన రెండో స్లాట్ తెరవడం మొదలుపెట్టాడు. మొదట చూడటానికే తెరిచాడు. ఆమె మళ్ల మధ్య తిరిగాడు, కొట్టంలోకి తొంగిచూశాడు. పడుకోకుండా మూసేస్తే ఏ ఆనవాలూ మిగలదని అప్పటికి ఆయనకు బాగా తెలుసు. మూడో రోజు కొడవలి తీసి ఆమె టమాట చెట్లు ఒక వరస నరికాడు. రెండో వరస కూడా నరికాడు. పూలమొక్కలు తొక్కాడు. చేను బోసిగా అయ్యాక చూస్తూ కూర్చున్నాడు. మనసు కొంచెం చల్లబడింది. గేటు చప్పుడు కాగానే మూసేశాడు. మళ్లీ తెరిస్తే అన్నీ ఉన్నాయి. మర్నాడూ అలాగే చేశాడు.

ఏప్రిల్‌లో ఒక బుధవారం వనమాల పొద్దున్నే చుట్టాలింట్లో పసిబిడ్డను ఉయ్యాల వేసే తొట్టెల పండుగకు వెళ్లింది. మధ్యాహ్నం దాకా రాదు. సోమేశ్వర్ తన చేను తెరిచాడు. ఎక్కడ చూసినా వంకరటింకర మళ్లు, అడ్డదిడ్డంగా నాటిన చెట్లు. ఇప్పుడు తెలిసినవన్నీ పెట్టుకుని మొదటి నుంచి కొత్తగా మొదలుపెడదాం అనుకున్నాడు. అందులో తప్పేమీ లేదు. తన స్లాట్ మీదే మొదలుపెట్టి ఉంటే ఈ కథే లేదు.

ఏ స్లాట్‌లో మొదలుపెట్టాలని ఆట అడిగింది. ఆయన రెండోది నొక్కాడు. ఇందులో ఉన్నది పోతుంది, సరేనా అని అడిగింది. సరే అన్నాడు. పేరు అడిగితే అలవాటు కొద్దీ తన పేరే కొట్టాడు. బీడు భూమి వచ్చింది. రాళ్లు ఏరాడు, పదిహేను గింజలు నాటాడు, నీళ్లు పోశాడు. ఆటలో పొద్దు గూకింది.

అప్పటికింకా ఏమీ చెరిగిపోలేదు. ఆ మొదటి దినం సేవ్ అయ్యేదాకా వనమాల చేను అలాగే ఉంటుంది, మూత వేస్తే చాలు. ఆ సంగతి ఆయనకు తెలుసు, పది రోజులుగా ఆ తెలివితోనే ఆడుతున్నాడు. బొమ్మ మనిషిని ఇంటి గుమ్మం ముందు నిలబెట్టి కొంతసేపు ఊరుకున్నాడు. తర్వాత లోపలికి నడిపించి మంచం ఎక్కించాడు.

చెయ్యి జారిందని ఆయన కొన్నాళ్లు తనకు తానే చెప్పుకున్నాడు. నాతో మాత్రం, "జారలే పంతులూ, కావాలనే చేసిన," అన్నాడు.

మూడింటికి వనమాల వచ్చింది. చీర మార్చుకుని ల్యాప్‌టాప్ ముందు కూర్చుంది. సోమేశ్వర్ పేపరు అడ్డం పెట్టుకున్నాడు. ఎంతసేపటికీ కోళ్ల కూత రాలేదు.

"నా చేను లేదు," అంది ఆమె.

"పాతది కదా, దానంతట అదే పోయినట్టున్నది."

"అట్లనా," అంది. మూత నెమ్మదిగా వేసి, వంటింట్లోకి పోయి బియ్యం చెరగడం మొదలుపెట్టింది.

పేపరు దించాక గానీ ఆయనకు గుర్తు రాలేదు, ఆ స్లాట్ మీద తన పేరే రాసి ఉందని. ఆమె అది చదివే ఉంటుంది. చదివి కూడా అట్లనా అంది.

ఆ రోజు నుంచి వనమాల ల్యాప్‌టాప్ ముట్టలేదు. వేళకు అన్నం పెట్టింది, మందులు ఇచ్చింది, కాలికి కాపడం పెట్టింది. మాటలు కూడా మామూలుగానే ఆడింది. గంగాబాయి ఆవులేవని అడిగితే, "పోయినయి బాయీ," అంది అంతే. గంగాబాయి నిజం ఆవులు పోయినంతగా బాధపడి, ఏం రోగమొచ్చిందని అడిగింది. వనమాల పాలగిన్నె లోపలికి తీసుకుపోయింది. సోమేశ్వర్ గోడ వైపు తిరిగి పడుకున్నాడు.

ఇక తనను దాటేవాళ్లు లేరు, కొత్త చేను హాయిగా ఆడుకోవచ్చు అనుకున్నాడు. ఆడలేకపోయాడు. రెండో స్లాట్ తెరిస్తే తన పదిహేను మొలకలు కనిపించేవి. వాటికి నీళ్లు పోయడానికి చెయ్యి రాలేదు. ఆమె చేను కళ్లముందు లేదు గానీ, ఉన్నప్పటికన్నా బాగా గుర్తొచ్చేది. కంచె వెంట ఏ మొక్క తర్వాత ఏ మొక్క ఉండేదో ఆయన వరసగా చెప్పగలిగేవాడు.

ఎనిమిదో రోజు, వనమాల మిద్దె మీద బట్టలు ఆరేస్తున్నప్పుడు, మేఘనకు ఫోన్ చేశాడు.

"బిడ్డా, మీ అమ్మ చేను పోయింది. దాని మీద వేరే ఆట సేవ్ అయింది. మళ్ల తేవచ్చునా?"

"వేరే ఆట ఎట్ల సేవ్ అయింది?"

ఆయన మిద్దె మెట్ల వైపు చూశాడు. మేఘన ఇక అది అడగలేదు.

"ఇంక దాంట్ల ఏం ఆడకు బాపు. పెన్‌డ్రైవ్‌ల ఉంటది. అమ్మ ఆదివారమాదివారం కాపీ చేస్తనే ఉన్నది. నేను అడుగుడు గాదు, అమ్మను నువ్వే అడుగు," అని పెట్టేసింది.

వనమాల ఖాళీ బకెట్‌తో దిగి వచ్చింది. సోమేశ్వర్ కర్ర ఊతంతో లేచి వంటింటి గుమ్మం దాకా నడిచాడు. అప్పటికి ఆయన అంత దూరం నడవకూడదు.

"వనమాలా, నీ చేను నేనే చెరిపిన."

"తెలుసు. మీ పేరున్నది కదా దాని మీద."

"పెన్‌డ్రైవ్‌ల ఉన్నదంట గద. మరెందుకు పెట్టుకోలే?"

ఆమె బకెట్ బోర్లించి పెట్టింది. "పెట్టుకుంటె మళ్ల చెరుపుతరని," అంది.

గుమ్మం పట్టుకుని నిలబడ్డాడు. కాలు నొప్పి పెడుతుంటే అక్కడే ముక్కాలి పీట మీద కూర్చున్నాడు.

"ఓర్వలేకపోయిన," అన్నాడు చివరికి. "అందరు నీ చేను ముందటనే కూసుంటున్నరు. నేను ముప్పై ఏండ్ల సంది నాకు తెల్వనిది లేదనుకున్న. నువ్వెప్పుడు నేర్చినవ్ గదంత?"

వనమాల గ్యాస్ కట్టేసి వచ్చి ఎదురుగా నేల మీద కూర్చుంది. ఘనపూర్‌లో తన తండ్రికి దుకాణంతో పాటు రెండెకరాల మెట్ట చెలక ఉండేదనీ, తండ్రికి దాని మీద ధ్యాస లేకపోతే పన్నెండేళ్లప్పటి నుంచి ఏ మూల ఏం వెయ్యాలో తానే చెప్పేదనీ, తాను చెప్పినట్టే కూలివాళ్లు వేసేవాళ్లనీ చెప్పింది. పెళ్లయి ఇరవై ఎనిమిదేళ్లయినా ఈ సంగతి సోమేశ్వర్ ఎన్నడూ వినలేదు.

"ఎన్నడు చెప్పలేదేంది?"

"ఎన్నడు అడిగిన్రు?"

ఆ సాయంత్రమే ఆమె పెన్‌డ్రైవ్ తీసింది. కుట్టుమిషన్ సొరుగులో, చిన్న గుడ్డసంచిలో ఉంది. సోమేశ్వర్ పక్కన కూర్చుని చూశాడు. పాత ఫోల్డర్లు తెచ్చి పడేస్తే సరిపోతుందనుకున్నాడు. ఆమె అలా చెయ్యలేదు. మొదట ఆట పూర్తిగా మూసిందో లేదో చూసుకుంది. ఇప్పుడు ల్యాప్‌టాప్‌లో ఏముందో అదంతా, మూడు స్లాట్లూ, తారీఖు వేసి వేరే ఫోల్డర్‌లోకి కాపీ చేసింది. ఆయన పదిహేను మొలకల చేను కూడా అందులో ఉంది.

"గదెందుకు, పోనీ," అన్నాడు.

"ఉంటె ఏం బరువా. అన్నీ ఒక్కసారే మార్చితె మీ మొదటి చేను గూడ పాతదైతది. నాది ఒక్కటే మార్చాలె." అప్పుడు పెన్‌డ్రైవ్‌లోంచి రెండో స్లాట్ ఫోల్డర్ ఒక్కదాన్నే తెచ్చి పెట్టింది. పెన్‌డ్రైవ్‌లోది అలాగే ఉంచింది. ఆట తెరిచింది. కోళ్లు కూశాయి.

అంతా రాలేదు. అది ఆదివారం నాటి కాపీ. సోమ, మంగళవారాల్లో ఆడినది లేదు. సోమవారం గౌరికి ఒక దూడ పుట్టింది, నెత్తి మీద తెల్లమచ్చతో. తర్వాత ఆమె ఆ రెండు రోజుల పనీ మళ్లీ చేసింది. దూడ పుట్టింది గానీ ఇంకో రంగుది పుట్టింది. మచ్చ లేదు. ఆమె మొదటి దూడకు పెట్టిన పేరు దీనికి పెట్టలేదు. అది మాత్రం సోమేశ్వర్ గమనించాడు.

ఇంటి వెనక ఖాళీ డబ్బాలు పడేసే జాగా ఉంది. అది సాఫు చేయిస్తా, నిజంగానే ఏమైనా వేసుకో అన్నాడు ఆయన ఒకరోజు. "గీ మోకాళ్లతోని మట్టి పిసుకుడు నాతోని కాదు. గీడనే మంచిగున్నది," అంది ఆమె. ఆయన మొహం చిన్నబోయింది. ఏదో ఒకటి ఇచ్చి సరిచేసుకుందామనుకున్నాడు, అది కుదరలేదు.

మేలో ఆయన తన చేను కొత్తగా మొదలుపెట్టాడు, ఈసారి తన స్లాట్‌లోనే. పాతదాన్ని ముందు వేరే పెన్‌డ్రైవ్‌లోకి ఎక్కించుకున్నాడు. అది ఉమేష్‌తో మానుకోటలో కొనిపించాడు. నా దాంట్లోనే చోటుంది కదా అని వనమాల అంటే ఒప్పుకోలేదు, నాది నాకు వేరే ఉండాలన్నాడు. జూలైలో కర్ర వదిలి దుకాణానికి పోవడం మొదలుపెట్టాడు. ఆదివారం పొద్దున ఇద్దరూ ఒకరి తర్వాత ఒకరు కాపీ చేసుకుంటారు.

ఈర్ష్య పోయిందని రాస్తే అబద్ధమవుతుంది. మధ్యాహ్నం భోజనానికి వస్తే ఇప్పటికీ ముందు ఆమె చేనే చూస్తాడు. కొత్తది ఏదైనా కనిపిస్తే మొహం ముడుచుకుంటాడు. "అయితది నాకు, ఏంజేస్త," అన్నాడు నాతో. "ఇప్పుడు ఆమెకే చెప్త. ఇయ్యాల నీ ద్రాక్ష పందిరి చూస్తె కడుపు మండింది అంట నేను. నవ్వుతది."

ఈ ఏడాది సంక్రాంతి పోయాక వనమాల కంటికి చిన్న ఆపరేషన్ అయింది. మూడు వారాలు తెర చూడొద్దన్నారు. ఆటలో చేను ఆడకపోతే ఏమీ కాదు, ఎక్కడ ఆపితే అక్కడే ఉంటుంది. అయినా మూడో రోజు ఆమె, "జర నాది తెరిచి ఆవుల్ని నిమిరి రాండ్రి," అంది.

దుకాణం నుంచి వచ్చాక ఆయన రెండో స్లాట్ తెరిచేవాడు. ఆమె పక్క మంచం మీద నల్ల కళ్లజోడు పెట్టుకుని పడుకుని ఎటు పోవాలో చెప్పేది. నేను వెళ్లిన రోజు ఉత్తరం వైపు మడి ఖాళీగా ఉంది.

"గుమ్మడి వేస్త," అన్నాడు సోమేశ్వర్.

"వద్దు, మక్క వెయ్యిండ్రి."

"ఇంకా ఇరవై దినాలున్నయి. గుమ్మడి వస్తది."

"వస్తది గని నాకొద్దు. కొట్టం పక్కకు మక్కనే మంచిగుంటది."

ఆయన విసుక్కున్నాడు. నా వైపు చూసి, చూసినవా పంతులూ అన్నట్టు చెయ్యి తిప్పాడు. మక్క గింజలు తీసి నాలుగు వరసలు నాటాడు. నీళ్లు పోశాడు. ఆవుల్ని నిమిరాడు. ఆటలో పొద్దు గూకాక బొమ్మ మనిషిని ఇంట్లోకి నడిపించి మంచం మీద పడుకోబెట్టి, సేవ్ అయ్యేదాకా మూత మీద చెయ్యి పెట్టలేదు.